గేమ్ తెరిస్తే ‘డీఎల్ఎల్ లేదు’ అంటోందా? ముందు ఆ ఫైలు ఎవరిదో చూడాలి

గాజువాక నుంచి ఒక తమ్ముడు అడిగిన ప్రశ్న ఇది. ద్వారకానగర్‌లో సెకండ్‌హ్యాండ్ డెస్క్‌టాప్ కొన్నాడు. షాపువాళ్లు 64 బిట్ విండోస్ 10 కొత్తగా వేసి ఇచ్చారు. ఫ్రెండ్ హార్డ్‌డిస్క్ నుంచి పాత గేమ్ ఫోల్డర్ మొత్తం కాపీ చేసుకుని తెరిస్తే ‘డీ3డీఎక్స్9_43.డీఎల్ఎల్ లేదు’ అని వచ్చింది. ఆ ఒక్క ఫైలునే ఇచ్చే ఏదో సైటు నుంచి దించుకుని సిస్టమ్32లో పెట్టాడు. మళ్లీ అదే మెసేజ్. తీసుకెళ్లి గేమ్ ఫోల్డర్‌లో పెట్టాడు. ఈసారి మెసేజ్ మారి 0ఎక్స్‌సీ000007బీ అనే నంబరు వచ్చింది. కొత్త గేమ్ ఇంకొకటి ‘వీసీరన్‌టైమ్140_1.డీఎల్ఎల్ దొరకలేదు’ అంటోంది. మూడో గేమ్‌లో యాంటీవైరస్ ఒక ఫైలునే తీసేసింది. షాపులో అడిగితే విండోస్ మళ్లీ వేయాలి, డబ్బులవుతాయి అన్నారట.

తమ్ముడూ, విండోస్ మళ్లీ వేయించకు. డబ్బు పోతుంది, ఎర్రర్ మాత్రం అలాగే ఉంటుంది. ఎందుకంటే డీ3డీఎక్స్9_43 అనే ఫైలు కొత్తగా వేసిన విండోస్ 10లో గానీ 11లో గానీ అసలు ఉండదు. ఎన్నిసార్లు వేసినా మళ్లీ అదే మెసేజ్ చూస్తావు. నువ్వు చెప్పినదాన్ని బట్టి నీ విండోస్‌కి ఏమీ కాలేదు, ఆ గేమ్‌కి కావాల్సిన సామాను ఇంకా ఎక్కలేదు.

ఇలాంటి మెసేజ్ రాగానే దాదాపు అందరూ ‘ఈ ఫైలు ఎక్కడ దొరుకుతుంది’ అని వెతుకుతారు. వెతకాల్సింది ‘ఈ ఫైలు ఎవరిది’ అని. అది తెలిస్తే ఏం చేయాలో దానంతట అదే తెలిసిపోతుంది. మద్దిలపాలెంలో నెట్ సెంటర్లు కిటకిటలాడిన రోజుల నుంచీ గేమింగ్ మెషీన్లు చూస్తున్నాను. డీఎల్ఎల్ గొడవల్లో ఈ ఒక్క ప్రశ్న చేసినంత పని ఇంకేదీ చేయలేదు.

గేమ్ తయారుచేసేవాళ్లు ప్రతి పనికీ కోడ్ సొంతంగా రాసుకోరు. తెరమీద బొమ్మ గీయడం, శబ్దం వినిపించడం, కంట్రోలర్ బటన్ నొక్కితే గుర్తించడం లాంటివి అన్ని గేములకీ కావాలి. పెళ్లింట్లో వంట వాళ్లదే అయినా పెద్ద గుండిగలు టెంట్ హౌస్ నుంచి వస్తాయి చూడు, ఇదీ అంతే. అందరికీ పనికొచ్చే ఆ కోడ్‌ని విడి ఫైళ్లలో పెడతారు, ఏ ప్రోగ్రామ్‌కి కావాలంటే అది తెరుచుకుంటుంది. విండోస్‌లో వాటిని డైనమిక్ లింక్ లైబ్రరీ అంటారు, పొట్టిగా డీఎల్ఎల్. లినక్స్‌లో ఇవే ఫైళ్లు .ఎస్ఓ అనీ, మ్యాక్‌లో .డైలిబ్ అనీ ఉంటాయి. గేమ్ మొదలవగానే విండోస్ దాని లోపలి పట్టిక చదివి, అందులో పేరున్న ప్రతి డీఎల్ఎల్‌నీ వెతికి మెమరీలోకి తెస్తుంది. ఒక్కటి దొరక్కపోయినా గేమ్ మొదటి ఫ్రేమ్ కూడా చూపించకుండా ఆగిపోతుంది.

ఇక ఎవరివి అన్న సంగతి. కెర్నల్32, యూజర్32, ఎన్‌టీడీఎల్ఎల్ లాంటివి విండోస్ సొంతం. పేరు డీ3డీఎక్స్9, ఎక్స్‌ఇన్‌పుట్1_3, ఎంఎస్‌వీసీపీ, వీసీరన్‌టైమ్ అని మొదలైతే అవి మైక్రోసాఫ్ట్ విడిగా ఇచ్చే రన్‌టైమ్ ప్యాకేజీలవి, అంటే గేములు నడవడానికి కావాల్సిన ఫైళ్ల కట్టలవి. వల్కన్-1, ఎన్‌వీఏపీఐ64 లాంటివి గ్రాఫిక్స్ డ్రైవర్‌తో వస్తాయి. యూనిటీప్లేయర్, వీడియోలు ఆడించే బింక్2డబ్ల్యూ64, స్టీమ్_ఏపీఐ64 లాంటివి గేమ్‌తోనే, గేమ్ ఫోల్డర్‌లోనే ఉండాలి. ఫైలు పేరు చూడగానే ఈ నాలుగింట్లో ఎక్కడిదో పోల్చుకోగలిగితే సగం పని అయిపోయినట్టే. విండోస్‌దైతే విండోస్ రిపేర్ చేస్తాం. ప్యాకేజీదైతే ప్యాకేజీ వేస్తాం. డ్రైవర్‌దైతే డ్రైవర్ మళ్లీ వేస్తాం. గేమ్‌దైతే గేమ్ ఫైళ్లు సరిచూస్తాం. ఫైలు ఒక్కదాన్నే విడిగా తెచ్చి పెట్టాల్సిన అవసరం ఈ నాలుగింట్లో దేనికీ లేదు.

నీ మొదటి గేమ్ సంగతి వివరంగా చెబుతాను. నీకు వచ్చిన రెండు ఎర్రర్లూ కలిపి చూస్తే జరిగినదంతా తెలుస్తుంది.

డీ3డీఎక్స్9 అడిగే పాత గేములు దాదాపు అన్నీ 32 బిట్, అంటే పాత రకం ప్రోగ్రాములు. నీ విండోస్ 64 బిట్. 64 బిట్ విండోస్‌లో రెండు సిస్టమ్ ఫోల్డర్లు ఉంటాయి. వాటి పేర్లు చూసి చాలామంది పొరబడతారు. సిస్టమ్32 అనే ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. సిస్‌వావ్64 అనే ఫోల్డర్‌లో ఉండేవి 32 బిట్ ఫైళ్లు. పేర్లు తిరగేసి ఉన్నట్టు అనిపిస్తుంది కానీ పాత ప్రోగ్రాములు చెడిపోకుండా ఉండడానికి అలా ఉంచేశారు. 32 బిట్ గేమ్ సిస్టమ్32లో వెతకబోతే విండోస్ దాన్ని నిశ్శబ్దంగా సిస్‌వావ్64 వైపు మళ్లిస్తుంది. అందుకే నువ్వు సిస్టమ్32లో పెట్టిన ఫైలు ఆ గేమ్ కంటికి కనబడనే లేదు, అదే మెసేజ్ మళ్లీ వచ్చింది.

తర్వాత దాన్నే గేమ్ ఫోల్డర్‌లో పెట్టావు. విండోస్ డీఎల్ఎల్ కోసం ముందుగా చూసేది గేమ్ ఈఎక్స్‌ఈ (గేమ్‌ని నడిపే ఫైలు) ఉన్న ఫోల్డర్‌లోనే. సిస్టమ్ ఫోల్డర్, విండోస్ ఫోల్డర్, ‘పాత్’ అనే విండోస్ జాబితాలో రాసి ఉన్న ఫోల్డర్లు, ఇవన్నీ ఆ తర్వాతే. కెర్నల్32 లాంటి కొన్ని ముఖ్యమైన వాటికి మాత్రం ఈ వరస వర్తించదు, ఎక్కడ ఏం పెట్టినా అవి సిస్టమ్ నుంచే వస్తాయి. కాబట్టి ఈసారి గేమ్‌కి నీ ఫైలు దొరికింది. దొరికింది 64 బిట్‌ది, తెరవబోయింది 32 బిట్ గేమ్. ఒకే ప్రాసెస్‌లో ఆ రెండూ కలవవు. 0ఎక్స్‌సీ000007బీ చెబుతున్నది అదే: ఫైలు ఉంది కానీ దాని ఫార్మాట్ సరిపోదు. ఈ నంబరు చూసినప్పుడల్లా 32, 64 కలగాపులగం అయ్యాయేమోనని ముందు అనుమానించు. ఫైలు దొరకనే లేదన్నదానికి నంబరు వేరు, 0ఎక్స్‌సీ0000135. దొరికి, తెరుచుకుని, తన పని మొదలుపెట్టలేకపోతే 0ఎక్స్‌సీ0000142. ‘ప్రొసీజర్ ఎంట్రీ పాయింట్ దొరకలేదు’ అని వస్తే ఫైలు ఉంది, 32/64 గొడవా లేదు, కానీ అది వేరే వెర్షన్, గేమ్ అడిగిన ఫంక్షన్ అందులో లేదు.

ఇప్పుడు చేయాల్సింది. నువ్వు పెట్టిన ఆ ఫైలుని రెండు చోట్లా తీసేయి. తర్వాత మైక్రోసాఫ్ట్ సైటులోనే ‘డైరెక్ట్‌ఎక్స్ ఎండ్ యూజర్ రన్‌టైమ్స్, జూన్ 2010’ అనే ప్యాకేజీ ఉంటుంది, సుమారు 95 ఎంబీ, అది దించుకో. డైరెక్ట్‌ఎక్స్ అంటే గేముల బొమ్మ, శబ్దం లాంటివి చూసుకునే విండోస్ భాగం. ఇక్కడే చాలామంది తప్పటడుగు వేస్తారు. ఆ ఫైలు తెరిస్తే అది ఇన్‌స్టాల్ కాదు, ఏ ఫోల్డర్‌లో విప్పాలో అడుగుతుంది. డెస్క్‌టాప్ మీద ఖాళీ ఫోల్డర్ ఒకటి పెట్టి అందులో విప్పు. విప్పాక లోపల డీఎక్స్‌సెటప్ అనే ఈఎక్స్‌ఈ ఉంటుంది, దాన్ని నడిపితేనే అసలు ఇన్‌స్టాల్ జరుగుతుంది. 64 బిట్ విండోస్ అయితే రెండు రకాల ఫైళ్లనీ అదే వాటి వాటి ఫోల్డర్లలో సర్దుతుంది. డీ3డీఎక్స్9 ఒక్కటే కాదు, ఎక్స్‌ఇన్‌పుట్1_3, ఎక్స్‌ఆడియో2_7, డీ3డీకంపైలర్_43 కూడా ఈ ప్యాకేజీతోనే వస్తాయి. అంటే ఇది వేయకుండా ఫైళ్లు ఒక్కొక్కటీ తెచ్చుకుంటే ఈరోజు ఇది, రేపు అది, అలా మెసేజ్ తర్వాత మెసేజ్ వస్తూనే ఉంటుంది.

‘నా దగ్గర డైరెక్ట్‌ఎక్స్ 12 ఉంది కదా, 9 ఎందుకు’ అని అడుగుతారు. డైరెక్ట్‌ఎక్స్ వెర్షన్ చూపించే డీఎక్స్‌డయాగ్ టూల్ తెరిస్తే 12 అనే చూపిస్తుంది, అది నిజమే. డైరెక్ట్‌ఎక్స్ 9 అసలు భాగం కూడా విండోస్‌లోనే ఉంటుంది. లేనిది డీ3డీఎక్స్ అనే అదనపు సహాయక లైబ్రరీ. 2005 ఫిబ్రవరి నుంచి 2010 జూన్ దాకా దాని కొత్త వెర్షన్ వచ్చినప్పుడల్లా కొత్త నంబరు ఇచ్చారు, 24 దగ్గర మొదలై 43 దగ్గర ఆగింది. ఏ గేమ్ ఏ నంబరుతో తయారైతే ఆ నంబరే అడుగుతుంది. 43 ఉంది కదా అని దాని పేరు 38గా మార్చి పెట్టొద్దు. కొన్నిసార్లు గేమ్ తెరుచుకుంటుంది కూడా, తర్వాత ఎక్కడో ఒక లెవెల్‌లో క్రాష్ అవుతుంది. అప్పుడు కారణం పట్టుకోవడం చాలా కష్టం.

అసలు ఈ తంటా అంతా గేమ్‌ని ఫోల్డర్‌గా కాపీ చేయడం వల్ల మొదలైంది. సెటప్ నడిపినప్పుడు అది గేమ్ ఫైళ్లతో పాటు ఈ రన్‌టైమ్‌లనీ నీ మెషీన్‌లో వేస్తుంది, విండోస్ సెట్టింగులు దాచుకునే రిజిస్ట్రీలో కావాల్సినవి రాస్తుంది. ఫోల్డర్ కాపీలో అవేవీ రావు. నీ ఫ్రెండ్ మెషీన్‌లో ఆడిందంటే అక్కడ అవి ఎప్పుడో ఎక్కి ఉన్నాయని అర్థం. ఒకసారి గేమ్ ఫోల్డర్‌లో ‘రీడిస్ట్’ అనో ‘కామన్‌రీడిస్ట్’ అనో ఉందేమో చూడు. గేమ్ తయారీదారులే కావాల్సిన ప్యాకేజీలు అందులో పెడుతుంటారు.

రెండో గేమ్ సంగతి తేలిక. వీసీరన్‌టైమ్140_1 అనేది విజువల్ సీ++ రీడిస్ట్రిబ్యూటబుల్ ప్యాకేజీది. ప్రోగ్రాములు రాయడానికి వాడే మైక్రోసాఫ్ట్ టూల్ విజువల్ స్టూడియో 2015 నుంచి 2022 వరకు అన్నీ 140 అనే ఒకే వరసలో నడుస్తాయి, వాటికి కలిపి ఒకే ప్యాకేజీ. ఈ ‘_1’ ఉన్న ఫైలు మాత్రం 2019 వెర్షన్‌తో వచ్చింది, 64 బిట్ ప్రోగ్రాములకే కావాలి. నీ మెషీన్‌లో 2015దో 2017దో పాత ప్యాకేజీ ఉండి ఉంటుంది, అందుకే వీసీరన్‌టైమ్140 దొరికి, దాని పక్కది దొరకలేదు. మైక్రోసాఫ్ట్ సైటు నుంచి కొత్త ప్యాకేజీ ఎక్స్86 (32 బిట్), ఎక్స్64 (64 బిట్) రెండూ దించి రెండూ వేయి. మెషీన్ 64 బిట్ కదా, ఎక్స్86 ఎందుకని వదిలేయకు. మెషీన్ ఏదైనా 32 బిట్ గేమ్‌కి ఎక్స్86 ఉండాల్సిందే. వేశాక కూడా అదే మెసేజ్ వస్తే యాప్స్ లిస్టులో ఆ పేరు దగ్గర మాడిఫై నొక్కి రిపేర్ ఎంచుకో.

ఇంకొకటి. ఆ యాప్స్ లిస్టులో విజువల్ సీ++ 2005, 2008, 2010, 2012, 2013 అని బారెడు వరస కనబడుతుంది. డూప్లికేట్లు అనుకుని, స్పేస్ కలిసొస్తుందని తీసేసేవాళ్లు ఉన్నారు. దయచేసి ముట్టుకోవద్దు. అవి ఒకదానికొకటి బదులు కావు. ఎంఎస్‌వీసీఆర్100 అడిగే గేమ్‌కి 2010 ప్యాకేజీయే కావాలి, 110 అడిగేదానికి 2012, 120 అడిగేదానికి 2013.

మూడోది, యాంటీవైరస్ తీసేసిన ఫైలు. పేరు రాయలేదు గానీ గేముల్లో ఇలా పోయేది ఎక్కువగా స్టీమ్_ఏపీఐ ఫైలే. గేమ్ కొన్నదైతే, గేములు అమ్మే స్టీమ్ యాప్‌లో ఆ గేమ్ ప్రాపర్టీస్ తెరిచి, ఇన్‌స్టాల్డ్ ఫైల్స్‌లో ‘వెరిఫై’ నొక్కు. పోయినదీ పాడైనదీ మళ్లీ దించుకుంటుంది. కొన్నది కాకపోతే మాత్రం ఒక విషయం సూటిగా చెప్పాలి. క్రాక్ చేసిన గేముల్లో మార్చేది సరిగ్గా ఈ ఫైలునే. యాంటీవైరస్ అనవసరంగా అరిచిందా, నిజంగానే లోపల ఏదైనా ఉందా అని ఇంట్లో కూర్చుని తేల్చుకోలేం. డీఎల్ఎల్ అంటే డాక్యుమెంట్ కాదు, నడిచే ప్రోగ్రామ్. గేమ్‌కి ఉన్న అధికారాలన్నీ దానికీ ఉంటాయి. అదే మెషీన్‌లో మీ నాన్నగారి బ్యాంకు లాగిన్ ఉంటే ఆ రిస్కు గేమ్ కోసం తీసుకోవద్దు. క్వారంటైన్ (యాంటీవైరస్ పట్టిన ఫైళ్లని బంధించే చోటు) నుంచి వెనక్కి తేకు.

ఒక్కో డీఎల్ఎల్ విడిగా ఇచ్చే సైట్ల విషయంలోనూ నా భయం ఇదే. ఫైలు ఎక్కడి నుంచి తెచ్చారో, ఏ వెర్షనో, ఎవరైనా చెయ్యి పెట్టారో తెలీదు. మైక్రోసాఫ్ట్ రన్‌టైమ్ ఫైలుకి ప్రాపర్టీస్‌లో డిజిటల్ సిగ్నేచర్స్ అనే ట్యాబ్ ఉండి, అందులో మైక్రోసాఫ్ట్ పేరు కనబడాలి. అలా దించుకున్న ఫైళ్లు ఇంకేమైనా నీ మెషీన్‌లో ఉంటే ముందు అది చూసుకో. రెగ్‌ఎస్‌వీఆర్32 కమాండ్‌తో రిజిస్టర్ చేయమని చెప్పే వీడియోలు కూడా నమ్మకు. ఆ కమాండ్ ‘కామ్’ అనే ప్రత్యేక రకం డీఎల్ఎల్‌లకి మాత్రమే. డీ3డీఎక్స్‌కో వీసీరన్‌టైమ్‌కో వాడితే ఎంట్రీ పాయింట్ లేదని తిప్పి పంపుతుంది. అలాగే ‘ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ’ మంచి కమాండే, కానీ అది విండోస్ సొంత ఫైళ్లనే సరిచేస్తుంది. నీ మొదటి రెండు గేములకీ దాంతో పని లేదు.

అయితే మన ఊళ్లో ఆ కమాండ్‌కి పని పడే సందర్భం ఒకటి ఉంది. గేమ్ దిగుతుండగానో విండోస్ అప్‌డేట్ అవుతుండగానో కరెంటు పోతే ఫైలు సగం రాసి ఆగిపోతుంది, ముఖ్యంగా పాత హార్డ్‌డిస్క్‌ల మీద. పేరు ఉంటుంది, లోపల సరుకు ఉండదు. యూపీఎస్ లేని ఇళ్లలో వేసవిలో ఇది మామూలే. గేమ్ ఫైలైతే పైన చెప్పిన ‘వెరిఫై’ నొక్కాలి. విండోస్ ఫైలైతే అడ్మిన్ కమాండ్ ప్రాంప్ట్ తెరిచి ముందు డిస్మ్ రిస్టోర్‌హెల్త్, తర్వాత ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ నడపాలి. నెట్ ఆన్‌లో ఉండాలి. మీడియా భాగాలు లేకుండా వచ్చే విండోస్ ‘ఎన్’ ఎడిషన్ అయితే ఎంఎఫ్‌ప్లాట్.డీఎల్ఎల్ లేదని కూడా రావచ్చు. దానికి ఆప్షనల్ ఫీచర్స్‌లో మీడియా ఫీచర్ ప్యాక్ వేసుకుంటే సరి.

డీఎల్ఎల్ పేరు చెప్పకుండా గేమ్ మధ్యలో మూసుకుపోతే దారి వేరు. విండోస్ తన ఎర్రర్లు రాసిపెట్టే ఈవెంట్ వ్యూయర్ తెరిచి, విండోస్ లాగ్స్‌లో అప్లికేషన్ కింద 1000 నంబరు ఉన్న ఎర్రర్ చూడు. ‘ఫాల్టింగ్ మాడ్యూల్’ అనే వరసలో, క్రాష్ ఏ ఫైలులో బయటపడిందో దాని పేరు ఉంటుంది. ఆ పేరునే దోషి అనుకోవద్దు. అక్కడ ఎన్‌టీడీఎల్ఎల్ కనబడితే చాలామంది దాన్ని మార్చేయాలని చూస్తారు. గేమ్ చేసిన తప్పు బయటపడే చోటు తరచుగా అదే అవుతుంది, అంతకుమించి దానికి సంబంధం ఉండకపోవచ్చు. ఎన్‌వీడబ్ల్యూజీఎఫ్2యూఎంఎక్స్ ఉంటే ఎన్‌విడియా డ్రైవర్, ఏటీఐడీఎక్స్ఎక్స్64 ఉంటే ఏఎండీ డ్రైవర్ క్లీన్‌గా మళ్లీ వేసి చూడాలి. ఆర్‌టీఎస్ఎస్‌హుక్స్64 లాంటి పేరు వస్తే అది గేమ్‌దే కాదు. ఎఫ్‌పీఎస్ చూపించే ఓవర్‌లే ప్రోగ్రాములు తమ డీఎల్ఎల్‌ని గేమ్‌లోకి జొప్పిస్తాయి. దాన్ని ఆపేసి గేమ్ తెరిచి చూడు. మోడ్స్ (గేమ్‌ని మార్చడానికి ఆటగాళ్లు తయారుచేసే ఫైళ్లు) కూడా ఇదే దారిలో వస్తాయి. డీఇన్‌పుట్8 అనో డీఎక్స్‌జీఐ అనో పేరు పెట్టి గేమ్ ఫోల్డర్‌లో ఉంచితే, విండోస్ ముందు అక్కడే వెతుకుతుంది కాబట్టి అసలుదాని బదులు అదే తెరుచుకుంటుంది. గేమ్ అప్‌డేట్ అయిన మర్నాడే క్రాష్ మొదలైతే ముందు ఆ మోడ్ ఫైళ్లు పక్కకి తీసి చూడాలి.

ఒక్కోసారి ఒక్కో మాడ్యూల్ పేరు వస్తూ, ఏ రెండు క్రాష్‌లకీ పొంతన లేకపోతే లైబ్రరీలు వదిలేసి ర్యామ్ చూడు. విండోస్ మెమరీ డయాగ్నోస్టిక్ ఒకసారి నడిపిస్తే చాలావరకు తేలుతుంది. లాసన్స్ బే కాలనీ, పెదవాల్తేరు వైపు ఇళ్లలో సముద్రపు గాలికి ర్యామ్ పిన్నులు నల్లబడడం నేను చాలా చూశాను. నీది గాజువాక కాబట్టి దుమ్ము కూడా తోడవుతుంది, పైగా సెకండ్‌హ్యాండ్ మెషీన్. ప్లగ్ పీకేసి, ర్యామ్ బయటికి తీసి, పిన్నుల మీద పెన్సిల్ రబ్బరుతో మెత్తగా తుడిచి, గట్టిగా క్లిక్ మనేలా మళ్లీ పెట్టు.

ఏ డీఎల్ఎల్ కోసం ఆగిందో మెసేజ్ చెప్పకపోతే రెండు ఉచిత టూల్స్ ఉన్నాయి. ‘డిపెండెన్సీస్’ అనేది గిట్‌హబ్‌లో దొరుకుతుంది. గేమ్ ఈఎక్స్‌ఈని అందులో తెరిస్తే అడిగే లైబ్రరీలన్నీ చెట్టులా చూపించి, లేనివి గుర్తు పెడుతుంది. పాత వీడియోల్లో చెప్పే ‘డిపెండెన్సీ వాకర్’ వద్దు, ఇప్పటి విండోస్‌లో అది ఉన్నవాటిని కూడా లేవని చూపిస్తుంది. రెండోది మైక్రోసాఫ్ట్ వాళ్లదే, ‘ప్రాసెస్ మానిటర్’. దాన్ని నడుపుతూ గేమ్ తెరిచి, .డీఎల్ఎల్‌తో ముగిసే పేర్లకి ఫిల్టర్ పెడితే విండోస్ ఏ ఫోల్డర్ తర్వాత ఏ ఫోల్డర్‌లో వెతికిందో వరసగా కనబడుతుంది. ‘నేమ్ నాట్ ఫౌండ్’ అని చాలా వస్తాయి, కంగారుపడకు. అన్ని ఫోల్డర్లలోనూ అలాగే వచ్చి ఎక్కడా ‘సక్సెస్’ రాని పేరే నీకు కావాల్సింది.

కింద కామెంట్లలో ఒకరు లినక్స్‌లో లేని లైబ్రరీని ఎలా కనుక్కోవాలని అడిగారు. అక్కడ గేమ్ ఫైలు మీద ‘ఎల్‌డీడీ’ కమాండ్ నడిపితే లేని లైబ్రరీ ఎదురుగా ‘నాట్ ఫౌండ్’ అని వస్తుంది. గుర్తుతెలియని గేమ్ ఫైలు మీద మాత్రం అది నడపొద్దు, ఆ ఫైలులోని కోడ్ నడిచే వీలుంది. స్టీమ్ తన సొంత రన్‌టైమ్ లైబ్రరీలు తెచ్చుకుంటుంది కాబట్టి ముందు స్టీమ్ ద్వారానే తెరిచి చూడండి. లినక్స్‌లో విండోస్ గేములు నడిపే ప్రోటాన్‌లో ఏదైనా గేమ్‌కి మోడ్ డీఎల్ఎల్ పెట్టినా పనిచేయట్లేదంటే, ‘వైన్‌డీఎల్ఎల్ఓవర్‌రైడ్స్’లో ఆ పేరు ఇచ్చి గేమ్ ఫోల్డర్‌లోదే ముందు వాడమని చెప్పాలి.

తమ్ముడూ, నీ వరకు వరస ఇది: దించిన ఫైలు రెండు చోట్లా తీసేయి, జూన్ 2010 ప్యాకేజీ వేయి, విజువల్ సీ++ రెండూ వేయి, రీస్టార్ట్ చేసి గేములు తెరువు. ఇంకా తెరవకపోతే మెసేజ్ ఉన్నదున్నట్టు, అక్షరం మారకుండా రాయి. దాంతో పాటు గేమ్ ఏ సంవత్సరానిది, గ్రాఫిక్స్ కార్డు ఏది, ఈవెంట్ వ్యూయర్‌లో ఫాల్టింగ్ మాడ్యూల్ ఏమని ఉంది, ఇవి కూడా పెట్టు. యాంటీవైరస్ హిస్టరీలో ఆ తీసేసిన ఫైలు పేరు ఉంటుంది, అదీ రాయి.